శ్రీమతి గౌరైయా వారసులు

మునిసిపాలిటీ వారి నోటీసు అందిన ఉదయం ఉమేష్ దానిని రెండుసార్లు చదివి, మడతపెట్టి, చొక్కా జేబులో దాచుకున్నాడు. ఆసుపత్రి వార్డులలో సిస్టర్‌గా ఉద్యోగకాలమంతా గడిపి ఇంటిపట్టున ఉంటున్న మేనత్త మహాలక్ష్మమ్మ అరుగు మీద కూర్చుని చిక్కుడుకాయల ఈనెలు తీస్తోంది. ఆవిడ తల ఎత్తలేదు. చెయ్యి మాత్రం చాచింది.

“ఇలాగియ్యి.”

“ఏటీ లేదత్తా. మామూలు కాగితం.”

“మామూలు కాగితానికి జేబులో పనేటిరా?”

ఇచ్చాడు. ఆ ఇంటి కర్ర స్తంభాలను చెదలు తినివేసినవనీ, పడమటి గోడ రోడ్డువైపు ఒరిగినదనీ, రానున్న వానాకాలానికి ముందే యజమానులు ఇంటిని విప్పి, అనుమతి పొంది తిరిగి కట్టుకోవలసినదనీ, అట్లు చేయనిచో మునిసిపాలిటీయే పడగొట్టగలదనీ ఆ కాగితం సారాంశం.

నోటీసులో అబద్ధమేమీ లేదు. పోర్ట్ బ్లెయిర్‌లోని బతు బస్తీలో ఆ వీధి వెంట నడిచే ఎవరికైనా ఆ ఇల్లు రోడ్డు మీదికి వంగి ఎవరితోనో మాట్లాడుతున్నట్టు కనిపిస్తుంది. విప్పడానికి అడ్డంకి లేదు. తిరిగి కట్టడానికే వీలులేదు. కట్టాలంటే అనుమతి కావాలి. అనుమతి రావాలంటే స్థలం తమ పేరిట ఉండాలి. ఆ స్థలమేమో, సర్కారు రికార్డు ప్రకారం, ఈ లోకంలో ఎన్నడూ పుట్టని ఒక స్త్రీకి చెందినది. ఆవిడ పేరు శ్రీమతి గౌరైయా.

గౌరైయా అంటే హిందీలో పిచ్చుక. ఉమేష్ భార్య పద్మిని కాపురానికి వచ్చిన కొత్తలో ఈ సంగతి విని, “అయితే నాను పిచ్చుకమ్మ ఇంటి కోడలినా?” అని పడీపడీ నవ్వింది. ఇప్పుడు నవ్వడం మానేసింది.

స్థలం నిజంగా పొందినవాడు మహాలక్ష్మమ్మ తండ్రి గవరయ్య. శ్రీకాకుళం జిల్లా సముద్రపుటొడ్డు నుంచి ఓడెక్కి ఈ దీవికి వచ్చి, రంపపు మిల్లులో పనిచేసి, సర్కారు కేటాయించిన ఇంటిస్థలంలో తన చేతులతో ఈ కొయ్య ఇల్లు నిలబెట్టాడు. ఆ రోజులలో రెవెన్యూ పుస్తకాలు ఉర్దూలో రాసేవారు. మహాలక్ష్మమ్మతో వార్డులో పనిచేసిన నఫీసా బేగం ఒకసారి గవరయ్య పేరును ఉర్దూలో రాసి చూపించింది. ‘వావ్’ అనే అక్షరం ‘వ’ అనీ పలుకుతుంది, ‘ఔ’ అనీ పలుకుతుంది. అవే అక్షరాలను తెలుగువాడు గవరయ్య అని చదివితే, ఆ పేరు ఎన్నడూ వినని హిందీ గుమాస్తా గౌరైయా అని చదువుతాడు. తరువాతి కాలంలో రికార్డును ఇంగ్లీషులోకి ఎక్కించినవాడు సరిగ్గా అదే చేశాడు. ముందు ‘శ్రీమతి’ ఎట్లా చేరిందో మాత్రం నఫీసా బేగం కూడా చెప్పలేకపోయింది. హిందీలో పిచ్చుక ఆడది కనుక అయి ఉంటుందని ఉమేష్ ఊహ.

ఇదంతా ఉమేష్ తండ్రి అప్పలరాముడు పోయిన తరువాత, రికార్డు నకలు తెచ్చుకున్నప్పుడు బయటపడింది. పేరు సరిదిద్ది, వారసులమైన మా ఇద్దరి పేర్లు ఎక్కించండని అత్తా మేనల్లుడూ రెవెన్యూ కార్యాలయంలో అర్జీ పెట్టారు. ఆరేళ్లు గడిచాయి. ఈ ఆరేళ్లలో ఆ అర్జీని ఎవరూ తిరస్కరించలేదు. ఇది జాగ్రత్తగా గమనించవలసిన విషయం. తిరస్కరిస్తే పై అధికారికి అప్పీలు ఉంది. అంగీకరిస్తే ఇల్లు ఉంది. ఏమీ చెప్పకుండా ఊరుకుంటే పౌరుడికి మిగిలేది ఆ కార్యాలయపు వరండాలోని బల్ల ఒక్కటే. మౌనం వహించే అధికారి చట్టాన్ని ఉల్లంఘించినట్టు కనిపించడు. అతడు ఎవరితోనూ కఠినంగా మాట్లాడడు, ఎవరినీ గెంటివేయడు. ఒక కుటుంబం కాళ్లకింద నేలను మాత్రం నెమ్మదిగా లాగివేస్తాడు, అదీ కుర్చీలోంచి లేవకుండా.

ఊళ్లో గోల్ ఘర్ పేటలో రంగులూ, మేకులూ, గొట్టాలూ అమ్మే దుకాణం ఉమేష్‌ది. మనుషులు తెలిసి ఉండాలి, మాట కలపాలి, పండక్కి మిఠాయి డబ్బా అందాలి, అప్పుడు పనులు వాటంతటవే జరుగుతాయని అతని నమ్మకం. నోటీసు పట్టుకుని ఆ వేళే రెవెన్యూ కార్యాలయానికి వెళ్లాడు. వద్దన్నా అత్త వెంట వచ్చింది.

“భయ్యా, ఫైల్ ఊపర్ గయా హై,” అన్నాడు గుమాస్తా, కళ్లు కంప్యూటర్ మీదినుంచి తీయకుండా.

“ఏటంటన్నాడు?” అంది అత్త, హిందీ తెలియనట్టు. ఆవిడకు గుమాస్తా కన్నా మంచి హిందీ వచ్చు.

“ఫైలు పైకెళ్లిందంట.”

“మా నాన్నా పైకే ఎళ్లాడు. ఇద్దరూ అక్కడ కలుసుకుని మాట్లాడుకుంటన్నారేమో, కనుక్కోమను.” తరువాత శుద్ధమైన హిందీలో గుమాస్తానే అడిగింది. “బాబూ, ఈ ఊరి పేరు పోర్ట్ బ్లెయిర్ పోయి శ్రీ విజయ పురం అయింది. బోర్డులన్నీ ఎంత చకచకా మారాయో చూశాను. ఊరంత పేరును మార్చగలిగిన సర్కారుకు మా నాన్న పేరులో ఒక్క అక్షరం సరిచేయడం ఇంత కష్టమా?”

గుమాస్తా మొదటిసారి తల ఎత్తాడు. “హో జాయేగా, అమ్మా. పరిశీలనలో ఉంది.”

బయటికి వచ్చాక ఉమేష్ కోపం పట్టలేకపోయాడు. “ఎందుకత్తా అలాగ గెలుకుతావు? నాలుగు మంచి మాటలాడితే పోయేదేటి?”

“వార్డులో నా చేతికింద పిల్ల ఎవరైనా రోగి చార్టు మీద ‘పరిశీలనలో ఉంది’ అని రాసి, మందు ఇచ్చిందో లేదో రాయకపోతే నాను దాన్ని ఇంటికంపేదాన్ని. ఆరేళ్లుగా మంచి మాటలు నువ్వాడేవు గదా. ఇంక నన్ను కానీ.”

మర్నాడు ఆవిడ న్యాయవాది దగ్గరికి వెళ్లింది. న్యాయవాది చాందిని అదే బస్తీలో పుట్టిన అమ్మాయి. ముప్పయ్యేళ్లు నిండలేదు. ఆమె పుట్టినప్పుడు ప్రసూతి వార్డులో ఉన్నది మహాలక్ష్మమ్మే. వెంట వచ్చిన ఉమేష్ గుమ్మం దగ్గరే ఆగిపోయి, వెళ్లాలా వద్దా అన్నట్టు లోపలికి తొంగిచూశాడు. సర్కారు మీద కేసు వేయడమంటే అతనికి గుండె దడ.

“పానీ మే రహ్‌కే మగర్ సే దుష్మనీ ఎందుకు దీదీ?” అన్నాడు చాందినితో. “నీళ్లలో ఉండి మొసలితో గొడవ పడతామా?”

“మొసలికి ఆకలేస్తే కదుల్తాది,” అంది అత్త. “ఆళ్లకి అదీ లేదు. కూర్చో.”

తరువాత తన సంచిలోంచి తెలుగులో రాసుకు తెచ్చిన నివేదన తీసి బల్ల మీద పెట్టింది. చాందిని దానిని అటూ ఇటూ తిప్పి చూసి, సిగ్గుపడుతూ నవ్వింది. “సిస్టరమ్మా, నాకు మాట్లాడడమే వచ్చు. చదవడం ఠీక్‌గా రాదు. మీరే చదివి వినిపించండి.”

మహాలక్ష్మమ్మ చదివింది. గవరయ్య ఓడ దిగిన దగ్గరనుంచి మొదలైన ఆ నివేదనలో ఉర్దూ లిపి స్వభావం ఉంది, అధికారుల బాధ్యతారాహిత్యం ఉంది, ప్రజాస్వామ్యంలో పౌరుడి గౌరవం ఉంది. వాక్యాలు నిప్పుకణికల్లా ఉన్నాయి. ఉమేష్‌కు అత్త రాత మీద అప్పటికప్పుడు గర్వం కలిగింది. చాందిని చివరిదాకా కదలకుండా వింది.

“చాలా బాగుంది సిస్టరమ్మా. ఇందులో మీకు కోర్టు నుంచి కావలసింది ఏ వాక్యంలో ఉంది?”

మహాలక్ష్మమ్మ కాగితాలు తిరగేసింది. మళ్లీ తిరగేసింది. అత్త సమాధానం లేక ఆగడం ఉమేష్ పుట్టి బుద్ధెరిగాక చూడలేదు.

“స్థలం మాదని చెప్పమను,” అంది చివరికి.

“అది అడిగితే ఓడిపోతాం. స్థలం ఎవరిదో తేల్చమంటే, రికార్డులో వేరే పేరు ఉంది, ఇది వివాదం, సివిల్ కోర్టుకెళ్లి దావా వేసుకోండి అంటారు. అక్కడ మీరూ నేనూ ముసలివాళ్లమైపోతాం.”

“నాను ఇప్పటికే అయిపోయేనే.”

“అందుకే అది అడగొద్దు. కలకత్తా హైకోర్టు బెంచి ఇక్కడే ఉంది. జడ్జీలు అక్కడినుంచి వంతులవారీగా వస్తారు. వాళ్ల ముందు రిట్ వేద్దాం. చట్టం ఒక పని చేయమని అధికారికి అప్పగించినప్పుడు అతను చేయకుండా కూర్చుంటే, చెయ్యి అని ఆజ్ఞాపించే అధికారం హైకోర్టుకు ఉంది. దాన్ని మాండమస్ అంటారు. కోర్టు అతని చేతికి కలం ఇచ్చి, రాయి అంటుంది. ఏం రాయాలో చెప్పదు. కానీ ఎందుకలా రాశాడో కారణాలు కూడా రాయమంటుంది. మన ప్రార్థన ఒక్కటే ఉండాలి.”

“ప్రార్థనా? గుడికెళ్తన్నామా, కోర్టుకా?” అన్నాడు ఉమేష్.

“పిటిషన్‌లో చివర అడిగేదాన్ని అలాగే అంటారు, భయ్యా. అర్జీ మీద గడువులోగా నిర్ణయం చెప్పించండి. అంతే.”

“అతను కాదని రాసేస్తే?” అన్నాడు ఉమేష్.

“అప్పుడు మన చేతిలో ‘కాదు’ ఉంటుంది. దాన్ని కొట్టడానికి దారులున్నాయి. ఇప్పుడు మన చేతిలో ఏముంది?”

మహాలక్ష్మమ్మ నివేదనను జాగ్రత్తగా మడిచి సంచిలో పెట్టుకుంది. “ఈ పిల్ల చెప్పినట్టు చెయ్యి,” అంది మేనల్లుడితో, ఆ పిల్ల ఎదురుగా లేనట్టు. ఆ స్వరంలోని మర్యాద ఆసుపత్రిలో పెద్ద సర్జన్లకు మాత్రమే దక్కేదని ఉమేష్‌కు తెలుసు.

పిటిషన్ వేశారు. కార్యాలయానికి నోటీసు వెళ్లింది. వారం తిరగకముందే కాంట్రాక్టరు శంకరరావు ఉమేష్ దుకాణానికి వచ్చి స్టూలు మీద కూర్చుని, సిమెంటు ధర అడిగి, వాతావరణం గురించి మాట్లాడి, లేవబోతూ అసలు సంగతి చెప్పాడు.

“తమ్ముడూ, ఆఫీసులో నాకు కావలసినవాళ్లున్నారు. సాబ్ బాగా బాధపడ్డారంట. ఇంత చిన్నదానికి కోర్టుకెళ్లాలా అని. కేసు వాపసు తీసుకోండి, వచ్చేవారం మీ పని అయిపోతాది. నా పూచీ.”

ఉమేష్ దుకాణం మూయకుండానే ఇంటికి పరుగెత్తాడు. అతని ఆనందానికి మేర లేదు. మనుషులు తెలిసి ఉండడం వల్ల కలిగే లాభం ఇదే గదా!

అత్త ఉల్లిపాయలు తరుగుతోంది. అంతా విని, “మంచిదే. వచ్చేవారం చేసెయ్యమను,” అంది.

“కేసు వాపసు తీసుకోవాల గదత్తా?”

“ఎందుకు?”

“అదేటి, ఆయన అలాగన్నాడు గదా.”

“కేసు ఉన్నంతసేపూ నీ పని చెయ్యకు అని కోర్టు ఆయనకి చెప్పిందా?”

ఉమేష్ ఆవిడ ఎదుట పీట లాక్కుని కూర్చున్నాడు.

“చేసేవాడు ఈ సాయంత్రమే చెయ్యొచ్చు. సంతకం పెట్టి పంపితే రేప్పొద్దున్న నానే ఎళ్లి కేసు తీసేస్తాను. ముందు నువ్వు తీసెయ్యి, ఆనక చేస్తానన్నవాడికి చెయ్యాలనుందో, కేసు పోవాలనుందో నువ్వే చెప్పు.”

“శంకరరావన్న పూచీ ఉంటానన్నాడత్తా.”

“ఆడు పూచీ ఉంటానన్నా ఆడు కట్టిన వంతెన మీద నాను నడవను. ఎళ్లి అంగడి చూసుకో, ఎవడో గొట్టాలెత్తుకుపోతాడు.”

వంటింట్లోంచి పద్మిని పకపకా నవ్వింది. ఉమేష్ తిరిగి గోల్ ఘర్ బస్సు ఎక్కాడు. కిటికీ పక్కన కూర్చుని అత్త మాటలను తనలో తాను మళ్లీ మళ్లీ చెప్పుకున్నాడు. ఎక్కడైనా పగులు దొరుకుతుందేమోనని వెదికాడు. దొరకలేదు. తాను తిరిగిన ఆరేళ్లలో ఇంత చిన్న ప్రశ్న ఎవరినీ అడగాలని తనకు తోచలేదు. అది అతన్ని కొంచెం బాధపెట్టింది, చాలా ఆశ్చర్యపరిచింది. దిగవలసిన చోట దిగడం మరిచిపోయాడు.

విచారణ రోజున మహాలక్ష్మమ్మ గంజిపెట్టిన తెల్లచీర కట్టుకుంది. లోపలికి వెళ్లేముందు చాందిని ఆవిడ చెయ్యి పట్టుకుని, “సిస్టరమ్మా, ఏం జరిగినా మీరు మాట్లాడకూడదు,” అంది.

“నానేమన్నా చిన్నపిల్లనా?”

“చిన్నపిల్లలైతే నాకు భయం లేదు.”

వారి పిలుపు మధ్యాహ్నానికి ముందు వచ్చింది. సర్కారు తరఫు న్యాయవాది లేచి, రికార్డులో స్థలం శ్రీమతి గౌరైయా అనే మహిళ పేరిట ఉన్నదనీ, పిటిషనర్లు గవరయ్య అనే పురుషుడి వారసులమంటున్నారనీ, ఇది వాస్తవాలకు సంబంధించిన వివాదం కనుక ఈ కోర్టు జోక్యం చేసుకోరాదనీ, అర్జీ ఇంకా పరిశీలనలో ఉన్నదనీ విన్నవించాడు.

పీఠం మీది న్యాయమూర్తి కాగితాలు చూస్తూ చిన్నగా నవ్వాడు. “గౌరైయా అంటే పిచ్చుక కాదూ? ఇంతకీ ఎవరు ఈ శ్రీమతి పిచ్చుక?”

కోర్టు హాలులో నవ్వులు రేగాయి. ఉమేష్ చప్పున అత్తవైపు చూశాడు. ఆరేళ్లుగా ఎదురుచూసిన ప్రశ్న అది. మొట్టమొదటిసారిగా ఒక పెద్దమనిషి గవరయ్య ఎవరని అడుగుతున్నాడు. నిజం ఒక్క వాక్యం దూరంలో ఉంది. అత్త పెదవులు విడివడ్డాయి. ఆవిడ కుడిచెయ్యి ముందు బల్ల అంచును పట్టుకుంది. వేళ్ల కణుపులు తెల్లబడేంతగా పట్టుకుంది. పెదవులు మళ్లీ కలుసుకున్నాయి.

చాందిని నవ్వలేదు. “మై లార్డ్, శ్రీమతి గౌరైయా ఎవరో చెప్పమని నేను ఈ కోర్టును అడగడం లేదు. అది నిర్ణయించవలసిన అధికారిని చట్టమే నియమించింది. ఆమె ఎవరైనా కావచ్చు. అర్జీ మంజూరు చేయదగినది కావచ్చు, కాకపోవచ్చు. ఆరేళ్లుగా ఆయన అవునని గానీ కాదని గానీ చెప్పలేదు. నా పిటిషన్ అంతవరకే.”

న్యాయమూర్తి నవ్వు ఆగింది. సర్కారు న్యాయవాదివైపు తిరిగాడు. “అర్జీని తిరస్కరించారా?”

“లేదు, మై లార్డ్.”

“అంగీకరించారా?”

“లేదు, మై లార్డ్. పరిశీలనలో...”

“ఆరేళ్ల పరిశీలనలో ఏం కనిపించిందో రాసి ఇవ్వడానికి అభ్యంతరం ఏమిటి?”

అభ్యంతరం ఏదీ దొరకలేదు. పిటిషనర్ల వాదం విని, కారణాలతో కూడిన నిర్ణయాన్ని ఎనిమిది వారాలలోగా వెలువరించి వారికి తెలియజేయాలని కోర్టు ఆదేశించింది. హక్కు ఎవరిదన్న విషయంపై తాము ఏ అభిప్రాయమూ వ్యక్తం చేయడం లేదని కూడా చేర్చింది. ఇంత జరగడానికి ఒక టీ తాగేంత సేపు పట్టలేదు.

మెట్లు దిగుతూ ఉమేష్, “అంతేనా? అయిపోయిందా?” అన్నాడు. మహాలక్ష్మమ్మ చాందిని ముఖాన్ని రెండు చేతులతో పట్టుకుని, జ్వరం చూసినట్టు నుదుటి మీద అరచెయ్యి ఉంచింది. “నీ నోరు చల్లగా ఉండాల. నాకైతే నాలిక కోసుకున్నట్టయింది.”

“నాకు తెలుసు సిస్టరమ్మా. బల్ల చూశాను,” అంది చాందిని.

ఆదేశం అందిన కొన్నాళ్లకు కార్యాలయం నుంచి పిలుపు వచ్చింది. ఫైలు పైనుంచి దిగివచ్చింది. కుర్చీలో కొత్తగా బదిలీ మీద వచ్చిన అధికారి ఉన్నాడు. మర్యాదస్తుడే. పాత అభిప్రాయాన్నే నిర్ణయంగా రాయించి ముగించాలని మొదలుపెట్టాడు. “రికార్డుదారు మహిళ అయినందున...” అని గుమాస్తాకు చెప్పి, ఆగాడు. కోర్టు కారణాలు అడిగింది. మహిళ అని ఎట్లా తెలిసింది?

“శ్రీమతి అని ఉంది, సార్,” అన్నాడు గుమాస్తా.

“శ్రీమతి అని ఎవరు రాశారు? దేన్ని చూసి రాశారు?”

గుమాస్తా కిటికీవైపు చూశాడు. నోటితో ఆరేళ్లు తేలికగా నడిచిన మాట, కింద సంతకం పెట్టవలసి వచ్చేసరికి నిలబడలేకపోయింది. కారణం రాయమనే ఒక్క షరతులో ఎంత బలం ఉందో ఉమేష్‌కు అక్కడ, ఆ గదిలో, కళ్లెదుట కనిపించింది. కోర్టు ఆ గదిలో లేదు. అయినా అధికారి తన కలాన్ని తానే పట్టి చూసుకుంటున్నాడు.

మూలపు ఉర్దూ పుస్తకం తెప్పించారు. ఉర్దూ చదవగలిగిన ఒక విశ్రాంత ఉద్యోగిని పిలిపించారు. ఆయన కళ్లజోడు సర్దుకుని పేరు మీద వేలు పెట్టాడు. “గౌరైయా,” అన్నాడు. మళ్లీ చూశాడు. “గవరయ్యా అని కూడా చదవొచ్చు, జనాబ్. రెండూ ఒకటే రాత.” పక్కన సన్నగా ఉన్న రెండు మాటలు చదివాడు. “ఇక్కడ ‘ఔరత్ హాజిర్’ అని ఉంది. ఆడమనిషి హాజరు.”

అధికారి తల ఎత్తాడు. “సర్కారువాళ్లు స్థలం కొలతకు వచ్చిన రోజు ఇంటి దగ్గర ఉన్నది ఆడమనిషి అన్నమాట. తరువాతివాడు ఆ రెండు మాటలనూ పేరులో కలిపి శ్రీమతిని చేశాడు. కానీ ఆవిడే హాజరై ఉంటే, యజమాని పేరు ఆవిడే స్పష్టంగా చెప్పవచ్చు గదా? ఇంత తప్పు ఎందుకు పడింది?”

మహాలక్ష్మమ్మ ఈసారి మాట్లాడవచ్చు. నిదానంగా, హిందీలో చెప్పింది. “ఆవిడ మా అమ్మ చిట్టితల్లి. నాన్న మిల్లుకు పోయి ఉంటాడు. మా అమ్మ బతికున్నంతకాలం ఆయన పేరు నోట పలకలేదు. మాలో ఆడవాళ్లు మొగుడి పేరు పలికేవాళ్లు కారు. రేషను దుకాణంలో అడిగినా పక్కింటివాళ్ల వైపు చూసేది, వాళ్లు చెప్పేవాళ్లు. ఇరుగుపొరుగువాళ్లంతా హిందీవాళ్లు. మా నాన్నను వాళ్లు గవ్రైయా అనేవాళ్లు. ఆ రోజూ వాళ్లే చెప్పి ఉంటారు. నేను చూడలేదు సార్. ఇంతకంటే చెప్పలేను.”

చూడలేదన్న మాట అత్త ఎందుకు చేర్చిందా అని ఉమేష్ విలవిలలాడాడు. చూశానంటే ఏం పోయేది? అధికారి మాత్రం గుమాస్తాతో, “ఆవిడ చెప్పింది చెప్పినట్టు రాయండి. చూడలేదన్నది కూడా,” అన్నాడు.

గడువుకు ముందే నిర్ణయం వచ్చింది. అయిదు పేజీలు. ఉమేష్ అరుగు మీదే నిలబడి చదివి వినిపించాడు. స్థానిక తెలుగు కుటుంబాలలో భార్య భర్త పేరు ఉచ్చరించని ఆచారం ఉన్నందున పొరుగువారి ఉచ్చారణ రికార్డుకెక్కి ఉండవచ్చుననీ, ఉర్దూ మూలం గవరయ్య అన్న పఠనాన్ని సమర్థిస్తున్నదనీ, ‘శ్రీమతి’ అన్నది నకలు రాసినవారి పొరపాటనీ, కేటాయింపు పత్రంలో రాసిన గవరయ్య తండ్రి పేరూ రికార్డుతో సరిపోతున్నదనీ, కనుక పేరు సరిదిద్ది వారసుల పేర్లు నమోదు చేయవలసినదనీ అందులో ఉంది. పద్మిని ఒక్క కేక పెట్టింది. మహాలక్ష్మమ్మ కొంగుతో కళ్లు ఒత్తుకోలేదు. “మా అమ్మ గురించి రాసిన ముక్క మళ్లీ చదువు,” అంది. చదివాడు. “మళ్లీ,” అంది.

అయిదో పేజీ చివరికి వచ్చేసరికి ఉమేష్ ఒక వాక్యాన్ని రెండుసార్లు చదివాడు. ఇంటి వెనుక భాగం కేటాయింపు హద్దుకు అవతల, నీటి కాలువకు వదిలిన స్థలంలో ఉన్నదనీ, దానిపై అర్జీ తిరస్కరించడమైనదనీ ఉంది.

“వంటిల్లు పోయిందత్తా! అప్పీలు చేద్దాం. చాందిని దీదీకి ఫోన్ చేస్తాను. ఆళ్ల అంతు చూద్దాం.” ఆరు నెలల కిందట మొసలి అన్నవాడు ఇతడేనా అన్నట్టు పద్మిని మొగుడివైపు చూసింది.

“ఆగు. తప్పయితే అప్పీలు. ఒప్పయితే ఊరుకుంటాం. ముందు టేపు తే.”

ఉమేష్ దుకాణం నుంచి పొడుగాటి టేపు తెచ్చాడు. పత్రంలోని కొలతల ప్రకారం వీధివైపు హద్దురాయి నుంచి మొదలుపెట్టి ఇద్దరూ కొలిచారు. ఉమేష్ టేపును కాస్త వదులుగా పట్టుకుంటే అత్త అరిచింది. బిగించాక హద్దు వంటింటి గోడకు ఇవతలే పడింది. రెండోసారి కొలిచారు. అక్కడే పడింది. గవరయ్య ఎప్పుడో, కాలువ ఎండి ఉన్న రోజులలో, నాలుగు అడుగులు వెనక్కి జరిగి పొయ్యి వేసుకున్నాడు.

“ఆయన రాసింది ఒప్పే,” అంది మహాలక్ష్మమ్మ టేపు చుడుతూ. “మా నాన్నదే తప్పు.”

ఉమేష్‌కు ఆ మాట కోర్టు హాలులో పట్టుకున్న బల్ల అంచుకన్నా గొప్పగా తోచింది. తనకు అనుకూలమైన నాలుగు పేజీలను ఒప్పుకున్నట్టే ప్రతికూలమైన అయిదోదాన్నీ ఒప్పుకోగల మనిషిని అతను అంతకుముందు ఎరుగడు. తాను అలా ఒప్పుకోగలడా అంటే, నిజాయితీగా, ఇంకా కాదు.

రికార్డు మారిన నకలు చూసి మునిసిపాలిటీవారు కొత్త ఇంటికి అనుమతి ఇచ్చారు. తొలివానలకు ముందే ఇల్లు విప్పడం మొదలుపెట్టారు. మొదట రేకులు దించారు, తరువాత పలకలు. పడమటి గోడ, అన్నేళ్లు ఒరిగి నిలబడ్డది, రెండు తాళ్లు కట్టి లాగేసరికి మారుమాట లేకుండా కూలింది. కూలివాళ్లు గునపాలు కిందపెట్టి టీ తాగుతున్నారు. ఖాళీ అయిన నేల అనుకున్నదానికంటే చిన్నదిగా ఉంది.

“వంటిల్లు ఎక్కడత్తా?” అన్నాడు ఉమేష్, లోపలి గదులకు తాను గీసుకున్న చిత్తు నక్షా కాగితం విప్పి. “ఎనక చోటు లేదు. పక్కన ఇరుకు.”

మహాలక్ష్మమ్మ సుద్దముక్క పట్టుకుని అటూ ఇటూ నడిచింది. నిన్నటిదాకా ముందుగది ఉన్నచోట, వీధికి ఎదురుగా ఆగి, వంగి, నేలమీద చతురస్రంగా గీత గీసింది.

“ఇక్కడ.”

“రోడ్డు ముందరా? వచ్చేపోయే ప్రతివాడూ మనం ఏం వండుకుంటన్నామో చూస్తాడు గదా!”

“చూడనీ,” అంది ఆవిడ నడుము ఎత్తుతూ. “దాచడానికి మనకేటుంది?”

ఉమేష్ నక్షా మీద వంటిల్లును కొట్టేసి, వీధివైపు రాశాడు.